బదనిక అని పీకేయకండి

(తెలుగు భాషా దినోత్సవం నాడు పర్లాకిమిడి సభలో చేసిన ప్రసంగ పాఠం)

సభాధ్యక్షులకు, వేదిక మీదున్న పెద్దలకు, పాతపట్నం నుంచి, కాశీనగర్ నుంచి, గుణుపురం నుంచి ఈ వానలో బస్సులు పట్టుకుని వచ్చిన మీ అందరికీ నమస్కారం. నిర్వాహకుల పేర్లు ఒక్కొక్కటీ చదివి ధన్యవాదాలు చెప్పడం మన సభల్లో ఆనవాయితీ. ఆ పని మొదలుపెడితే నాకిచ్చిన టైములో సగం అక్కడే అయిపోతుంది. అందరికీ కలిపి ఒకే నమస్కారం పెడుతున్నాను, మన్నించండి.

నాకు ఇచ్చిన అంశం "గిడుగు వారు, మన పర్లాకిమిడి". వారి గురించి ఈ ఊళ్లో చెప్పడమంటే తెలిసినవాళ్లకు తెలిసిందే చెప్పడం. 1863 ఆగస్టు 29న పుట్టారు. ఈ ఊళ్లో పంతులు ఉద్యోగం చేశారు. ముఖలింగం శాసనాలు తనంతట తాను చదవడం నేర్చుకున్నారు. కొండల మీది సవరల భాష నేర్చుకోవాలని పట్టుబట్టి, ఆ భాష మాట్లాడే మనిషిని ఇంట్లోనే పెట్టుకుని నేర్చుకున్నారు. 1931లో సవర భాష మీద ఆయన రాసిన పుస్తకం, 1938లో సవర-ఇంగ్లీషు నిఘంటువు వచ్చాయి. 1936లో ఒడిశా ఏర్పడి ఈ ఊరు అందులో కలిసినప్పుడు బాధతో రాజమండ్రి వెళ్లిపోయారు. ఇవన్నీ నాకంటే బాగా చెప్పగలిగినవాళ్లు ఈ వేదిక మీదే ఉన్నారు. నేను ఆయన పద్ధతిలోంచి ఒక్క ముక్క పట్టుకుంటాను. మాట గురించి తెలియాలంటే ఆ మాట రోజూ ఆడే మనిషి దగ్గరికి వెళ్లాలి అన్నారాయన. మొక్క సంగతీ అంతే. నేను వృక్షశాస్త్రం చెప్పుకుని బతికినదాన్ని కాబట్టి ఈరోజు ఒక మొక్క గురించి చెప్తాను. నిర్వాహకులకు ఈ మాట ముందే చెప్పాను, ఒప్పుకున్నారు.

ఆ మొక్కని మీరందరూ చూశారు. ఈ హాలు బయట మామిడిచెట్టు మీదే ఉంది. కొమ్మ పట్టుకుని, లావుపాటి తెల్లటి వేళ్లు గాల్లోకి వేలాడేసి, రెండు వరసల్లో పట్టీల్లాంటి ఆకులతో ఉంటుంది. అడిగితే "బదనిక" అంటారు. అడిగిన మరుక్షణం "అది చెట్టు రసం పీల్చేస్తుందమ్మా, పీకేయాలి" అంటారు. నా బాధంతా అక్కడే ఉంది.

చెట్టు రసం పీల్చే బదనిక వేరే ఉంది. మామిడి కొమ్మల మీద గుబురుగా పెరుగుతుంది, మందపాటి ఆకులు, ఎర్రటి గొట్టం పూలు. శాస్త్రంలో డెండ్రాఫ్తో ఫాల్కేటా అంటారు. చిన్న పిట్టలు దాని పండు తిని జిగురు గింజని కొమ్మకి రాస్తాయి. అది మొలిచి కొమ్మలోకి దూరుతుంది. దూరిన చోట కొమ్మ బొడిపెలా ఉబ్బుతుంది, ఆ పైభాగం నెమ్మదిగా ఎండుతుంది. దాన్ని నరికేయండి, నేను అడ్డం రాను. తోటమాలికి అది నిజమైన శత్రువు.

నేను చెప్పే మొక్క ఆర్కిడ్. పేరు వాండా టెస్సెల్లేటా. దాని వేరుని కొమ్మ మీంచి నెమ్మదిగా లేపి చూడండి. బెరడు మీద అతుక్కుని ఉంటుంది తప్ప లోపలికి ఒక్క నూలుపోగంత కూడా దిగదు. చెట్టు నుంచి అది తీసుకునేది ఆసరా ఒక్కటే. తిండి తన పచ్చటి ఆకులతో తనే వండుకుంటుంది. వేరు మీద తెల్లటి పొర ఉందే, అది వానని, మంచుని పీల్చి దాచుకునే పొర. ఎండలో వెండిరంగులో ఉంటుంది. సభ అయ్యాక బయటికి వెళ్లి చూడండి, ఈ వానకి ఆ వేళ్లు పచ్చగా తిరిగి ఉంటాయి. నీళ్లు తాగాక పొర అద్దంలా మారి లోపలి పచ్చదనం కనిపిస్తుంది. వెనక కూర్చున్న పిల్లలూ, మీకే చెప్తున్నాను, పుస్తకంలో బొమ్మ చూడక్కర్లేదు, చెట్టు దగ్గరికి వెళ్తే చాలు.

పేరు ఒకటే కావడంతో రెండింటికీ ఒకే కత్తి పడుతోంది. ఏటా మామిడి తోటల్లో కొమ్మలు కొట్టేటప్పుడు కుప్పలుగా పోస్తారు. ఆ కుప్పలో పరాన్నజీవి ఒకటుంటే దానితో పాటు ఏ పాపమూ చేయని ఆర్కిడ్లు పది ఉంటాయి. ఏళ్ల తరబడి పెరిగిన మొక్కలు. ఆర్కిడ్ గింజ సంగతి చాలామందికి తెలియదు. ఒక్క కాయలో వేలకు వేలు గింజలుంటాయి, ధూళిలా. కానీ గింజలో తిండి నిల్వ లేదు. పడిన చోట దానికి సరిపడే బూజు జాతి శిలీంధ్రం దొరికితేనే అది పోషకాలిచ్చి మొలిపిస్తుంది. అన్ని గింజల్లో మొక్క అయ్యేవి ఎన్నో చెప్పలేం, బహు తక్కువ. ఒక మనిషి కత్తి ఎత్తి దించినంతలో అదంతా పోతుంది.

సరే, గుర్తించడం దగ్గరికి వస్తాను. ఈ మొక్క ఫలానా అని లోకానికి ఎలా తెలిసింది? ఇక్కడే మన తెలుగువాళ్లు చెవి నిక్కబొడుచుకోవాలి.

1781లో విలియం రాక్స్‌బర్గ్ అనే స్కాట్లండ్ డాక్టరు సామర్లకోట వచ్చాడు. ఈస్టిండియా కంపెనీ సైన్యానికి వైద్యుడు. అంతకు ముందు నుంచే ఈ తీరంలో కోనిగ్ అనే మరో వైద్యుడు మొక్కలు వెతుకుతూ తిరిగేవాడు, మొక్కలకి రెండు మాటల శాస్త్రీయ పేర్లు పెట్టే పద్ధతి తెచ్చిన లిన్నేయస్ దగ్గర చదువుకున్న మనిషి. ఆ కోనిగ్ 1785లో కాకినాడ దగ్గర జగన్నాథపురంలో చనిపోయాడు, చివరి రోజుల్లో పక్కనున్నవాడు రాక్స్‌బర్గ్. జగన్నాథపురం వంతెన మీద రోజూ తిరిగేవాళ్లలో ఆ పేరు విన్నవాళ్లు ఎంతమంది ఉంటారు? 1787 మే నెలలో కోరంగిని ముంచిన ఉప్పెన వచ్చింది. వేలమంది చచ్చిపోయారు. రాక్స్‌బర్గ్ పుస్తకాలూ రాతలూ ఆ నీళ్లలో పోయాయి. మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టాడు. ఈ సర్కారు జిల్లాల మొక్కలు తెప్పించుకుని, ఒక్కొక్కటీ విప్పి చూసి, రాసి, బొమ్మ వేయించాడు. అలా ఇంగ్లండ్ పంపిన బొమ్మల్లోంచి 300 ఎంపిక చేసి, అక్కడి వృక్షశాస్త్రవేత్త జోసెఫ్ బ్యాంక్స్ పర్యవేక్షణలో కోరమాండల్ తీరం మొక్కలు అన్న పెద్ద పుస్తకం వేశారు. మొదటి సంపుటం 1795లో వచ్చింది. మన మామిడిచెట్టు మీది బదనిక అందులో 42వ బొమ్మ.

పేరు అప్పుడు ఎపిడెండ్రమ్ టెస్సెల్లేటమ్. ఆ రోజుల్లో చెట్ల మీద పెరిగే ఆర్కిడ్లన్నిటినీ దాదాపుగా ఎపిడెండ్రమ్ అన్న ఒకే ప్రజాతిలో, అంటే దగ్గరి జాతుల గుంపులో, వేసేవాళ్లు. పూరేకుల మీది గళ్లని చూసి టెస్సెల్లేటమ్ అన్నాడు. 1820లో రాబర్ట్ బ్రౌన్ అనే వృక్షశాస్త్రవేత్త వాండా అన్న కొత్త ప్రజాతి నిలబెట్టి, ఈ మొక్కనే అందులో పెట్టి రాక్స్‌బర్గ్ పేరు కలిపి వాండా రాక్స్‌బర్గీ అన్నాడు. మన పాత ఆయుర్వేద పుస్తకాల్లో ఇప్పటికీ ఆ పేరే కనిపిస్తుంది. కానీ మొక్కల పేర్లకు ఒక చట్టం ఉంది, ముందు పెట్టిన జాతి పేరుకే హక్కు. అందుకని 1830లో అచ్చయిన వాండా టెస్సెల్లేటా అన్న పేరే నిలిచింది. గమనించారా? ఇవాళ థాయిలాండ్ నుంచి లోకమంతా అమ్ముకుంటున్న వాండా పూలున్నాయే, భువనేశ్వర్ నర్సరీల్లో వందల రూపాయలు పెట్టి కొంటున్నారే, ఆ వాండా అన్న ప్రజాతిని ఏ జాతి ఆధారంగా నిలబెట్టారో ఆ జాతి మన దొడ్డి చెట్టు మీద ఉన్నది. మనం పీకి పొయ్యిలో పెడుతున్నది.

ఇక్కడ ఒక మాట చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు. ఆ 42వ బొమ్మ ఎవరు వేశారు? రాక్స్‌బర్గ్ జీతమిచ్చి చిత్రకారులని పెట్టుకున్నాడు. ఈ దేశం వాళ్లే. వాళ్ల పేర్లు పుస్తకం మీద లేవు. ఆర్కిడ్‌ని ఎండబెట్టి కాగితానికి అతికిస్తే ఏమవుతుందో నేను చూశాను. పువ్వు నల్లబడుతుంది, గళ్లు పోతాయి, పెదవి నలిగి ఏ వైపు ఎలా వంగిందో తెలియదు. ఎండిన మొక్క చెప్పలేని సంగతి బొమ్మ చెప్తుంది. కింద మూలల్లో పువ్వుని ముక్కలుగా విడదీసి వేసేవాళ్లు, అది చూసే తర్వాతివాళ్లు ఏ జాతో తేల్చుకున్నారు. పువ్వు లోపలి భాగాలని విప్పి అంత స్పష్టంగా చూపించిన చెయ్యి ఎవరిది? మొక్కకు ఇద్దరు దొరల పేర్లు తగిలాయి. కొండెక్కి కొమ్మ దించినవాడి పేరు లేదు, దాని తెలుగు పేరు చెప్పినవాడి పేరు లేదు, బొమ్మ వేసినవాడి పేరు లేదు. ఆ పుస్తకంలో తెలుగు పేర్లు చాలా ఉన్నాయి, చెప్పిన తెలుగువాళ్ల పేర్లు మాత్రం లేవు. రాక్స్‌బర్గ్‌ని నేను నిందించడం లేదు. ఆయన చేసిన పని చాలా పెద్దది. కానీ గిడుగు వారి పుట్టినరోజున, అడవి మనిషి నోటి మాటకి అచ్చులో చోటిచ్చిన ఆయన పుట్టినరోజున, ఈ అన్యాయం గురించి మాట్లాడకపోతే ఇంకెప్పుడు మాట్లాడతాం?

అధ్యక్షులవారు గడియారం చూస్తున్నారు. ఇంకొంచెం సేపు ఓపిక పట్టండి సార్, అసలు సంగతి ఇప్పుడే వస్తోంది.

పువ్వు ఉంటే వాండాని గుర్తించడం కష్టం కాదు. వేసవిలో మొదలై వానల్లోకి పూస్తుంది. ఒక పువ్వు తెంపి చూస్తే, దగ్గర దగ్గర రెండంగుళాల వెడల్పు, ముందు వైపు పసుపుపచ్చ రేకుల మీద గోధుమరంగు గళ్లు, చేనేత తువ్వాలు మీద గళ్లలాగే. తిప్పి చూస్తే వెనక వైపు తెల్లగా ఉంటుంది, ఒక్క గడీ ఉండదు. కింది రేకుని పెదవి అంటాం. అది ఊదా, నీలం కలిసిన రంగు, చివర వెడల్పయి మధ్యలో చిన్న నొక్కు, మొదట్లో రెండు పక్కలా చిన్న తెల్లటి చెవులు. పెదవి వెనక పొట్టి తోక. నడుమ చిన్న స్తంభం, దాని నెత్తిన టోపీ. చెక్కిన పెన్సిల్ మొనతో ఆ టోపీ కింద మెల్లగా తాకితే టోపీ ఊడి, రెండు పసుపుపచ్చ పుప్పొడి ముద్దలు ఒక కాడకి అతుక్కుని పెన్సిల్‌తో పాటు బయటికి వచ్చేస్తాయి. కాడ చివర జిగురు ఉంటుంది. పువ్వు మీద వాలిన పురుగుకి అంటుకునేది అలాగే. నా క్లాసులో ఎంత అల్లరి పిల్లాడైనా ఆ ముద్దలు బయటికి వచ్చిన క్షణంలో నోరు మూసుకునేవాడు.

పువ్వు లేని కాలంలో ఎలా? అసలు చిక్కు అది. ఎందుకంటే ఆ పుస్తకంలో 42 పక్కనే 43వ బొమ్మ ఉంది. అదీ ఆర్కిడ్డే, అదీ ఇవే చెట్ల మీద ఉంటుంది, అవే లావు వేళ్లు, అవే రెండు వరసల ఆకులు. ఇప్పటి పేరు అకాంపే ప్రేమోర్సా. పూస్తే తేడా ఆమడ దూరం నుంచి తెలుస్తుంది. అకాంపే పూలు అరంగుళం మించవు, గుత్తిగా ఉంటాయి, పసుపు మీద ఎర్రటి అడ్డగీతలు, తెల్లటి పెదవి. పూయకపోతే చదువుకున్నవాళ్లు కూడా తబ్బిబ్బవుతారు.

సెరంగో వైపు ఒక సంతలో నాకు ఈ పాఠం చెప్పినవాడు సవర తాత. ఒక వ్యాపారి గోతాల కొద్దీ వేళ్లు కొంటున్నాడు. ఒడియా వైద్యులు రాస్నా అంటారు, కీళ్ల నొప్పులకి నూనెల్లో వేస్తారు. రాస్నా సంగతి వేరే పెద్ద గొడవ. ప్రభుత్వ ఆయుర్వేద ఫార్మకోపియాలో, అంటే మందుల ప్రామాణిక గ్రంథంలో, రాస్నా అంటే ప్లూచియా లాన్సియోలేటా, మొక్కే వేరు, కుటుంబమే వేరు. దక్షిణాన దుంపరాష్ట్రాన్ని వాడతారు. బెంగాల్ వైపు, ఇటు వైపు ఈ వాండా వేళ్లు. పైగా వాండా పేరుతో అకాంపే కూడా కలిసిపోతుంది. మందు కొనుక్కునే రోగికి ఏ వేరు పోతోందో ఎవరు చూస్తున్నారు? ఆ వ్యాపారి రెండూ ఒకే గోతంలో వేస్తున్నాడు. చలికాలం, ఎక్కడా పువ్వు లేదు.

పక్కన కూర్చున్న తాత వాటిని విడదీస్తున్నాడు. నేను "తాతా, పువ్వు లేదు కదా, ఎలా తెలుస్తోంది నీకు?" అని అడిగాను. ఆయన తెలుగు ఆగి ఆగి వస్తుంది, అయినా విసుక్కోలేదు. "ఆకుని అడగమ్మా" అన్నాడు. ఒక ఆకు నా చేతిలో పెట్టి బొటనవేలు గోరు దాని కొస మీద పెట్టించాడు. నడుమ గాడిపడి, కిందికి వంగిన సన్నటి ఆకు. కొస ఎవరో కొరికినట్టు తెగి ఉంది, ఆ తెగిన చోట వాడిగా పళ్లు, మధ్యలో ఒక మొన గోటికి గుచ్చుకుంది. అది వాండా. రెండో ఆకు ఇచ్చాడు. మందం, బిరుసు, వంచితే విరగడానికి సిద్ధంగా ఉంది. కొస రెండు మొద్దు చెక్కలుగా చీలి ఉంది, గోటికి ఏమీ గుచ్చుకోలేదు. అది అకాంపే. తర్వాత గోతం అడుగు నుంచి ఎండిన కాయలు తీసి చూపించాడు. ఒకటి సన్నగా, పొడుగ్గా, గట్లు తేలి మూడంగుళాలు. రెండోది పొట్టిగా, బొద్దుగా, అందులో సగం. "పూతకి ఏడాదిలో కొన్నాళ్లే. ఆకు ఎప్పుడూ ఉంటాది" అన్నాడు.

మన గుర్తింపు పట్టికలు చూడండి, మొదటి ప్రశ్నే పువ్వు గురించి ఉంటుంది. పువ్వు లేనివాడికి అక్కడే దారి మూసుకుపోతుంది. అడవిలో ఏడాది పొడవునా బతికే మనిషికి అలా కుదరదు, అతని పట్టిక ఆకుతో మొదలవుతుంది. తర్వాత నేను ఆ రెండు ఆకులూ తెచ్చి పుస్తకాల్లోని వర్ణనలతో పోల్చాను. కొస మీది పళ్లు, ఆకు మందం, కాయ పొడవు అన్నీ సరిపోయాయి. రెండు శతాబ్దాల కిందట ఎవరో ఇలాంటి తాతే సామర్లకోటలో ఆకులు పట్టుకుని చెప్పి ఉంటాడని నేను గట్టిగా నమ్ముతాను. మా సంత తాత పేరు కూడా ఈ సభలో చెప్పడం లేదు, ఆయన అనుమతి అడగలేదు కాబట్టి. కానీ ఈ గుర్తింపు ఆయనది, నాది కాదు. నా విద్యార్థులకి ఇచ్చిన నోట్సులో ఆ పేజీ పైన "సవర వృద్ధుడు చెప్పగా" అని రాసి ఉంటుంది. మీరు కూడా ఎవరి దగ్గర ఏ మొక్క పేరు నేర్చుకున్నా, చెప్పినవాళ్లని అడిగి పేరు రాయండి. పుస్తకం రాసినా, సెల్‌ఫోన్‌లో ఫోటో పెట్టినా రాయండి.

ఇంకొక్క దుఃఖం చెప్పి ముగిస్తాను. రోడ్డు వెడల్పు చేస్తామని ఒక వరస చింతచెట్లు కొట్టేశారు. ఎక్కడో, ఏ ఆఫీసో చెప్పను. ఆ చెట్ల నిండా వాండాలే. నేను వెళ్లి అడిగాను. "చెట్లు ఆపమనడం లేదు బాబూ, రోడ్డు కావాల్సిందే. మొక్కలు దించుకునేదాకా ఆగండి, కుర్రాళ్లని తెచ్చుకుంటాను" అన్నాను. "కాంట్రాక్టరుతో మాట్లాడండి" అన్నారు. కాంట్రాక్టరు "ఆఫీసులో రాయించుకురండి" అన్నాడు. అటూ ఇటూ తిరిగేసరికి రంపం పని పూర్తయింది. లారీలో దుంగలు, దుంగల మీద పూలకాడలు, పూత మీదున్న మొక్కలు. వాటిని కాపాడటానికి ఖర్చు ఏముంది? నిచ్చెన, కొంచెం కొబ్బరి పీచు, నలుగురు మనుషులు. నాకు ఇవాళ్టికీ కోపం తగ్గలేదు, తగ్గాలని కూడా అనుకోవడం లేదు.

అందుకే అడుగుతున్నాను. మీ పెరట్లో, పొలం గట్టు మీద, తోటలో కొమ్మలు కొట్టించే ముందు ఒక్కసారి పైకి చూడండి. కొమ్మ ఉబ్బి, అందులోంచి గుబురు వస్తే అది పరాన్నజీవి, కొట్టండి. తెల్లటి వేళ్లు పైపైన పాకి ఉంటే వదిలేయండి. చెట్టే పోతుంటే, ఆర్కిడ్‌ని బెరడు ముక్కతో సహా తీసి, అంతే ఎండ తగిలే మరో చెట్టు కొమ్మకి కొబ్బరి పీచుతో కట్టండి. కుండీలో మట్టి వేసి పాతకండి, వేళ్లు కుళ్లిపోతాయి. పట్టుకోవడానికి నెలలు పడుతుంది, ఓపిక పట్టండి. అడవిలోంచి మాత్రం తేకండి, కొనకండి. ఆర్కిడ్ కుటుంబం మొత్తం అంతర్జాతీయ వాణిజ్య నియంత్రణ ఒప్పందం సైటిస్ జాబితాలో ఉంది. మన మహేంద్రగిరిని 2022లో ఒడిశా ప్రభుత్వం జీవవైవిధ్య వారసత్వ స్థలంగా ప్రకటించింది కూడా. కొండకి ఆ బోర్డు ఉంటే సరిపోదు, కొండ కింద ఊళ్లలోని చింతకీ మామిడికీ కూడా దిక్కు కావాలి.

ఆ బల్ల మీద మూడు కొమ్మలు పెట్టాను, మూడూ గాలివానకి విరిగి పడినవే, చెట్టు మీంచి కోసినవి కావు. ఒకటి డెండ్రాఫ్తో, ఒకటి వాండా, ఒకటి అకాంపే. మీద పేర్లు రాయలేదు. పిల్లలు ముందుగా రండి, గోరు పెట్టి ఆకు కొస చూసి, పక్కనున్న చీటీల మీద ఏది ఏదో రాయండి. సవర పిల్లలు ఉంటే మీ ఇంట్లో వాటిని ఏమంటారో మీ భాషలో రాయండి, కింద మీకు చెప్పిన పెద్దవాళ్ల పేరు వాళ్లనడిగి రాయండి. ఆ చీటీలు నేను పట్టుకెళ్తాను. నమస్కారం.